ఉతకని గుడ్డ

వకుళ వాళ్ళ ఇంటికి ఏడు కిటికీలు. ఏడింటికీ రెక్కల సందుల్లో వెడల్పాటి టేపు అంటించి ఎనభై అయిదు రోజులైంది. అంచులు ఎక్కడైనా లేస్తున్నాయేమోనని రోజూ పొద్దున్నే వేలితో తడిమి చూసుకుంటుంది. వీధి గుమ్మం కింద తడి తువ్వాలు చుట్టి పెడుతుంది. గవర్నరుపేటలో కింద మిఠాయి దుకాణం, పక్కన పంక్చర్ల షెడ్డు, ఎదురుగా బస్సులు ఆగే చోటు. అలాంటి మేడలో మూడో అంతస్తున గాలి చొరబడని ఇల్లు తయారు చేయడం మాటలు కాదు. వకుళ చేసింది. దసరా ముందరి ఉక్కలో ఆ ఇంట్లో ఊపిరి పీలిస్తే తడి దూది మింగినట్టుండేది. అయినా టేపు మాత్రం లేవనివ్వలేదు.

ఇదంతా ఆమె భర్త వేదాద్రి ముక్కు కోసం.

కిందటేడు మే నెలాఖరులో వేదాద్రి ముక్కులో ఒక అంటు కట్టారు. మొక్కకి కట్టినట్టే. ఊరి చివర, కాలవ అవతల ఉన్న పరిశోధనశాలలో డాక్టర్ స్వరాజ్యం పదేళ్ళు కూర్చుని పెంచిన కణాలవి. ముక్కు లోపల పైభాగాన గోరంత మేర నాటితే వేళ్ళు పట్టుకుంటాయి. ఆ మనిషి వాసన పట్టడంలో వేటకుక్కని మించిపోతాడు.

"కుక్కలున్నాయిగా డాక్టరుగారూ, మళ్ళీ మనిషెందుకు?" అని అడిగింది వకుళ ఆ రోజుల్లో.

"కుక్కకి వాసన తెలుసమ్మా, చెప్పడం తెలీదు," అందావిడ.

ఏ జింకకి జబ్బు మొదలైందో, ఏ పులి పిల్లల్ని పెట్టిందో, ఏ వాగు ఎగువన ఎవరు విషం కలిపారో, ఏ గుట్ట వెనక నిప్పు రాజుకుంటోందో నిలబడ్డ చోటినుంచే చెప్పగల మనిషి కావాలన్నారు. అటవీశాఖలో జంతువుల లెక్కలు చూసే వేదాద్రి నేనొస్తానన్నాడు. నల్లమల లోపల, ఊళ్ళ పొగ తగలని చోట, ఒక గుడారంలో పధ్నాలుగు నెలలున్నాడు.

మధ్యలో ఒకసారి రావలసింది. నాలుగో నెలలో వాళ్ళమ్మ తిరుపతమ్మ పోయింది. కడుపులో నొప్పి అన్న వారానికే పోయింది. వైర్‌లెస్‌లో కబురు వెళ్ళింది. అంటు అప్పుడే వేళ్ళు పట్టుకుంటోంది, ఇప్పుడు ఊరి గాలి తగిలితే మాడిపోతుందని డాక్టర్ చెప్పింది. వేదాద్రి ఒక రోజంతా జవాబివ్వలేదు. తర్వాత మూడు మాటలు వచ్చాయి. "చిన్నాన్న కొడుకుతో చేయించండి."

అడవినుంచి వచ్చినవాడు ఊళ్ళో ఇమడలేకపోవడం వకుళకి కొత్త కాదు. పెళ్ళైన పన్నెండేళ్ళలో ఎన్ని క్యాంపులు చూసింది! వచ్చిన మొదటి రెండు రోజులూ మంచం వదిలేసి నేల మీద పడుకునేవాడు. హారను మోగితే ఉలిక్కిపడేవాడు. వంటింట్లో నీళ్ళ చప్పుడైతే కళ్ళు మూసుకుని వినేవాడు. మూడో రోజుకి సంచీ పట్టుకుని కూరగాయలకి వెళ్ళేవాడు.

ఈసారి మూడో రోజు రాలేదు. బందరు రోడ్డు ఎక్కగానే కారాపించి మూడుసార్లు వాంతి చేసుకున్నాడు. లిఫ్టు తలుపు తెరవగానే, లోపల ఎవరూ లేకపోయినా, జనం కిక్కిరిసి ఉన్నట్టు వెనక్కి అడుగేసి మెట్లెక్కాడు. ఇంట్లోకి వచ్చి గది గదీ తిరిగి, చివరికి స్నానాలగదిలో పీట వేసుకుని కూర్చున్నాడు. పలకరాళ్ళ గోడలు కాబట్టి అక్కడే కాస్త తక్కువట. అప్పట్నుంచీ పగలు సగం అక్కడే. అడవంతా తిరిగిన మనిషి నాలుగడుగుల గదిలో మోకాళ్ళు ముడుచుకుని కూర్చుంటే, స్నానానికి వెళ్ళాల్సిన వకుళ తువ్వాలు భుజాన వేసుకుని బయట నిలబడేది.

*

ఆదివారం డాక్టర్ స్వరాజ్యం వచ్చింది. వాసన లేని సబ్బుతో స్నానం చేసి, వేడినీళ్ళలో ఉడకబెట్టిన చీర కట్టుకుని వచ్చింది. అరవై దాటిన మనిషి, లిఫ్టు వాసన అంటకుండా మూడంతస్తులూ మెట్లెక్కి ఆయాసపడుతోంది.

"నువ్వు అడవినుంచి వచ్చి ఈ శుక్రవారంతో తొంభై రోజులు నిండుతాయి వేదాద్రీ. అది దాటితే వేళ్ళు మెదడు దాకా దిగిపోతాయి. తర్వాత నేను తియ్యాలన్నా తియ్యలేను."

"తీస్తే?"

"ఎన్నిసార్లు అడుగుతావయ్యా! తీస్తే నీ సొంత కణాలు కూడా మాడిపోతాయి. మల్లెపువ్వుకీ మురిక్కాలవకీ తేడా తెలీదిక, జీవితాంతం."

"తియ్యకపోతే?"

"ఈ ఊళ్ళో బతకలేవు. నీ గుడారం పీకకుండా అలాగే ఉంచాం. వెళ్ళిపోవచ్చు. కానీ ఇక అక్కడే."

వేదాద్రి బల్ల మీద, అంటు తీయడానికి ఒప్పుకునే కాగితం వైపు చూశాడు. శుక్రవారం పది గంటలకి కారు వస్తుంది, ఆలోగా సంతకం చెయ్యాలి.

"ఇంకా టైముందిగా," అన్నాడు.

డాక్టర్ లేచి వెళ్తూ ఇల్లంతా ఒకసారి పరికించి వకుళ భుజం తట్టింది. "ఇంత శుభ్రమైన ఇల్లు మా ల్యాబులో కూడా లేదమ్మాయ్. మేమిచ్చిన జాబితాలో ఇరవై రెండే ఉంటే నువ్వు నలభై చేశావట!"

వకుళకి ఆ మాట బాగానే అనిపించింది. కెమిస్ట్రీలో డిగ్రీ చేసి పన్నెండేళ్ళు వంటింట్లో వాడిన మనిషి ఆమె. వేదాద్రి రావడానికి పది రోజుల ముందు ల్యాబునుంచి జాబితా వచ్చింది. అగరొత్తులు, నాఫ్తలీన్ ఉండలు, ఇంగువ, ఫినాయిలు, పచ్చళ్ళు, కొబ్బరినూనె తీసెయ్యాలి. పాత పరుపులు తీసెయ్యాలి. దాన్ని చదివి ఊరుకోలేదు. చెక్కసామాను సందుసందూ వెనిగర్‌తో తుడిచింది. గోడలు కడిగింది. అత్తగారి గదిలో పరుపు పంపించేసి, మంచం పట్టీలు కుంకుడురసంలో నానబెట్టి, బీరువా లోపలి అరలు ఊడదీసి మూడు రోజులు ఎండలో పెట్టింది. అత్తగారి చీరలు అనాథాశ్రమానికి ఇచ్చింది. దుప్పటి ఉతికిందే మళ్ళీ ఉతికింది. ఇంటికొచ్చే మనిషికి చిన్న ఇబ్బంది కూడా కలగకూడదని.

డాక్టర్ వెళ్ళాక వకుళ కాగితం మీద ఉప్పు డబ్బా బరువు పెట్టింది. ఎగిరిపోవడానికి ఆ ఇంట్లో గాలి లేదు. అయినా పెట్టింది.

ఆయన సంతకం చెయ్యడు, అడవికే పోతాడు. ఆ భయం ఆమె నోటితో అనలేదు. అనక్కర్లేదు కూడా. భయానికీ వాసనుంటుందట.

*

మొదట్లో కూతురు మృణాళినికి ఇదంతా సరదాగా ఉండేది. తొమ్మిదేళ్ళ పిల్ల. ఇంట్లో మిన్ను అంటారు. బడినుంచి రాగానే తండ్రి ముందు చేతులు చాపి నిలబడేది.

"ఇవాళ నా పక్కన ఎవరు కూర్చున్నారో చెప్పు నాన్నా!"

"పిల్లిని పెంచుకునేవాళ్ళెవరో."

"లహరి! కరెక్ట్! ఇంకా?"

"డబ్బాలో ఉప్మా తినలేదు. కుళాయి దగ్గర పారబోశావు."

మిన్ను మొహం మాడిపోయింది. ఆ తర్వాత ఒకరోజు లెక్కల్లో తప్పిన కాగితం దాచింది. కాగితం దొరకలేదు గానీ దాచిన భయం దొరికిపోయింది. ఇంకోరోజు వాళ్ళమ్మమీద అలిగి, "ఏం లేదు, బానే ఉన్నా" అని నవ్వింది. తండ్రి ఊరికే చూశాడు. ఆ వారంనుంచీ మిన్ను బడినుంచి రాగానే తిన్నగా స్నానానికి పోతోంది. ముందు స్నానాలగది ఖాళీ చెయ్యమని తలుపు అవతలనుంచి అరుస్తుంది.

"నాన్న దగ్గర నాకు చొక్కా వేసుకోనట్టుంటుందమ్మా," అంది ఒకరోజు వంటింట్లోకి వచ్చి, గుసగుసగా. స్నానాలగదిలోకి వినబడే మాట కాదు. కానీ పిల్ల సిగ్గు గోడ దాటి వెళ్ళిందేమో, వేదాద్రి ఆ పూట అన్నానికి బయటికి రాలేదు.

ఎదురింటి రమీజాగారి విషయంలో ఇంకోలా జరిగింది. ఆవిడ భర్త ఖాజాగారు దర్జీ పని మానేసి ఇంట్లో ఉంటున్నారు. ఒకరోజు గుమ్మం దగ్గర పాలపొట్లం ఇచ్చి వెళ్తుంటే, లోపల్నుంచి వేదాద్రి లేచి వచ్చాడు. ఆయన్ని చూసిన చూపు వకుళకి గుర్తుండిపోయింది. కనురెప్పలు వాలిపోయాయి, పెదవులు బిగుసుకున్నాయి, చెప్పకూడనిది నోట్లో పెట్టుకున్నట్టు.

"ఖాజాగారూ, ఒకసారి కిడ్నీల పరీక్ష చేయించుకోండి."

"నాకేమైంది బాబూ? గుండ్రాయిలా ఉన్నా!"

"వాగు దగ్గర ఒక దుప్పికి ఇదే వచ్చింది. చేయించుకోండి."

చేయించుకుంటే నిజమైంది. తొందరగా దొరికింది కాబట్టి ఆయన బతికారు. కానీ ఆ వార్త మెట్లు దిగి మిఠాయి దుకాణం దాకా వెళ్ళింది. వచ్చేవాళ్ళు మొదలయ్యారు. పంచదార అప్పు అడిగే నెపంతో ఒకరు, మిన్నుకి పెన్సిళ్ళ డబ్బా ఇచ్చే నెపంతో ఒకరు. రెండో అంతస్తు దమయంతిగారైతే తిన్నగా అసలు విషయానికే వచ్చింది. ఆవిడ వెనక మెట్ల మీద ఇస్త్రీ చొక్కాలో ఒక కుర్రాడు సిగ్గుపడుతూ నిలబడ్డాడు.

"మా అమ్మాయికి చూసిన సంబంధం వకుళగారూ. తాగడని వాళ్ళమ్మ ఒట్టేసి చెబుతోంది. అన్నయ్యగారిని ఒక్కసారి ఇటొచ్చి గాలి పీల్చమనండి, చాలు."

"ఆయనకి ఒంట్లో బాగాలేదండీ."

"అయ్యో, ముక్కు బానే ఉందిగా!"

వకుళ తలుపు మూసి తువ్వాలు మళ్ళీ బిగించింది. ఆ రోజునుంచి బెల్లు తీగ కూడా పీకేసింది.

*

బుధవారం దుర్గమ్మ గుడికి వెళ్ళే జనంతో ఊరు పొంగిపోయింది. ఎర్రబట్టల భవానీలు వీధుల నిండా నడుస్తున్నారు. మైకులు, డప్పులు. కొబ్బరికాయలు, కర్పూరం, చెమట. అద్దాలు బిగించి ఉన్నా వేదాద్రి ముక్కుకి తడిగుడ్డ చుట్టుకుని హాల్లో నేల మీద పడుకున్నాడు. వకుళ పక్కనే కూర్చుని చప్పటి పప్పూ అన్నం కలుపుతోంది. మూడు నెలలుగా ఆ ఇంట్లో పోపు లేదు.

"అడవిలో ఇన్ని వాసనలుండవా?" అంది.

"ఇంతకన్నా ఎక్కువుంటాయి."

"మరి?"

అతను గుడ్డ తీసి పైకప్పు చూస్తూ చెప్పాడు. "అక్కడ ప్రతి వాసనకీ వయసుంటుంది వకుళా. ఇది పొద్దుటి జింక, ఇది నిన్నటి వాన, ఇది మొన్న వెళ్ళిపోయిన ఎలుగుబంటి. గాలి వచ్చి అన్నిటినీ పాతబరుస్తుంటుంది. ఎవరు ఉన్నారో, ఎవరు వెళ్ళిపోయారో తెలుస్తుంది. ఇక్కడ ఏదీ పాతబడదు. నువ్వు గది దాటి అరగంటైనా ఇక్కడే ఉంటావు. పాలపొట్లం ఇచ్చిన ఖాజాగారు గుమ్మంలో ఇంకా నిలబడే ఉన్నారు. ఆ పెళ్ళికొడుకు మెట్ల మీదే ఉన్నాడు..."

"తాగుతాడా?"

"తాగడు. పాపం, హడిలిపోయాడు." ఇద్దరూ నవ్వారు. చాలా రోజులకి. తర్వాత అతను అన్నాడు, "తిరనాళ్ళని ఇంట్లోకి తోసి తలుపేసినట్టుంటుంది. అందరూ ఉన్నారు..."

అమ్మ గది తలుపు వైపు తిరిగి పడుకున్నాడు.

వకుళ కిటికీల వైపు చూసింది. తను వేలితో తడిమి తడిమి అంటించిన టేపు. "అయితే తీసెయ్యనా?"

"తీస్తే బందరు రోడ్డంతా లోపలికొస్తుంది."

ఉంచితే ఇలా, తీస్తే అలా. పప్పన్నం ముద్ద ఆమె చేతిలోనే చల్లారిపోయింది.

*

గురువారం మధ్యాహ్నం వకుళ మిన్నుని తీసుకుని కిందికి వెళ్ళి, బియ్యం తీసుకుని, పిల్లని ఎదురింట్లో ఆడుకోనిచ్చి పావుగంటలో వచ్చేసింది. స్నానాలగది తలుపు తీసే ఉంది. లోపల అతను లేడు. హాల్లో లేడు. వెళ్ళిపోయాడా?

అత్తగారి గదిలో చప్పుడైంది.

వేదాద్రి బీరువా ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. తల బీరువా లోపల ఉంది. కింది అర తీసి పక్కన పెట్టి, అడుగు చెక్క కలిసే సందులో ముక్కు ఆనించి పీలుస్తున్నాడు. కాసేపాగి, ఇంకో మూలకి జరిగి మళ్ళీ పీలుస్తున్నాడు. నేల మీద అతని మోకాళ్ళ గుర్తులు వరసగా ఉన్నాయి. మంచం కిందినుంచి గోడవారగా, తలుపు మూల దాకా. ఇవాళ్టి గుర్తులు మాత్రమే కావవి. ఆమె బజారుకి వెళ్ళిన ప్రతిసారీ ఇదే జరుగుతోందన్నమాట.

"ఏం వెతుకుతున్నారు?"

అతను తల బయటికి తీయలేదు. "ఎక్కడా లేదు వకుళా."

"ఏది?"

"అమ్మ."

వకుళ బియ్యం సంచీ దింపింది.

"అంటు నిలబడితే చాలనుకున్నాను అక్కడ," అన్నాడు బీరువాలోకే చెబుతున్నట్టు. "నేను రాలేకపోయినా ఇంటికొచ్చేసరికి ఉంటుందిగా అనుకున్నాను. పరుపులో ఉంటుంది, చీరల్లో ఉంటుంది. ఈ ముక్కుతో వస్తే కొన్నేళ్ళు ఉంటుంది. రోజూ అదే అనుకుంటూ పడుకునేవాణ్ణి."

ఆమెకి వెనిగర్ సీసాలు గుర్తొచ్చాయి. ఎండలో ఆరబెట్టిన అరలు, ఉతికిందే ఉతికిన దుప్పటి. ఇరవై రెండుని నలభై చేసిన జాబితా.

"నేనే కడిగేశాను," అంది.

"తెలుసు. మొదటిరోజే తెలిసింది. ప్రతి చెక్కమీదా సబ్బు వెనకాల నువ్వే ఉన్నావు. వేళ్ళు చిట్లేదాకా తోమావు కదూ? నెత్తురు కూడా ఉంది ఒకచోట."

"చెప్పచ్చుగా ఒక్క మాట!"

"చెబితే ఏం చేస్తావు? ఎక్కడైనా ఒక్క మూల మిగిలుంటుందేమోనని చూస్తున్నా. అందుకే సంతకం..." అంటూ బీరువాకి నుదురు ఆనించాడు. "రేపటితో సరి. దొరకకుండా తీయించుకోలేను. ఇక్కడ ఉండలేను."

వకుళ గుమ్మంలోనే కూర్చుండిపోయింది. నలభై అంశాలూ వేళ్ళ మీద తిరగేసింది. పరుపు లేదు. చీరలు లేవు. దువ్వెన లేదు. చెప్పులు లేవు. కళ్ళజోడు డబ్బా కడిగింది. పచ్చళ్ళు...

పచ్చళ్ళు పారేయలేదు. ఒక జాడీ ఉండాలి.

కిందటేడు మే మొదట్లో పట్టిన ఆవకాయ. పెద్ద జాడీ ఇంట్లో వాడేశారు. చిన్నది మాత్రం అత్తయ్య విడిగా తీసి, మూతికి పాత పంచె ముక్క వాసెన కట్టి, "వీడు అడవినుంచి వచ్చాకే విప్పాలి" అంది. ల్యాబు జాబితా వచ్చాక పారేయడానికి మనసొప్పక, వకుళ దాన్ని తెనాలిలో అక్కకి ఇచ్చి వచ్చింది.

ముడి అత్తయ్య చేతిది.

*

ఫోను చేస్తే అక్క హేమలత ఎత్తలేదు. వకుళ శుక్రవారం మొదటి పాసింజరు ఎక్కింది. కిటికీ పక్క సీటు దొరికింది. బండి కదిలి కృష్ణ వంతెన ఎక్కాక గాలి మొహాన కొట్టింది. బురద, నీటిగడ్డి, ఎవరో విప్పిన ఇడ్లీ పొట్లం. వకుళ నోరు తెరిచి ఆ గాలి మింగింది. తొంభై రోజులుగా తను కూడా టేపు లోపలే ఉందన్న సంగతి అప్పుడు తెలిసింది.

హేమలత వాకిట్లో గిన్నెలు తోముతోంది. "ఏమే, చెప్పాపెట్టకుండా! ఏమైంది?"

"ఆవకాయ జాడీ ఏది?"

"దానికోసమా తెల్లారగట్ట పరిగెత్తుకొచ్చావు? అటక మీదుంది. ఆ గుడ్డేంటే, అంత జిడ్డోడుతోంది? పండగ కదా, ఇవాళ విప్పి ఉతికి..."

"ముట్టుకోకు!"

హేమలత చేతిలో గిన్నె జారింది. వీధిలో వెళ్తున్న ఆవిడెవరో ఆగి చూసింది.

"ముట్టుకోనులే తల్లీ! నీ పచ్చడి నువ్వే తీసుకుపో!"

వకుళ చేతులు కడుక్కుని, స్టూలెక్కి, జాడీ అడుగున పట్టుకుని దించింది. గుడ్డ పసుపూ ఎరుపూ కాని రంగుకి తిరిగింది. పైన నూనె డాగు. ముడి రెండు పేటల ముడి, కొసలు లోపలికి దోపి ఉన్నాయి, అత్తయ్య కట్టే తీరులోనే.

తిరుగు బండిలో జాడీ ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఎదురు సీటులో పూలబుట్టలావిడ నవ్వింది. "పసిబిడ్డని పట్టుకున్నట్టు పట్టుకున్నావేమ్మా! సీటు కింద పెట్టు, ఎవరూ ఎత్తుకుపోరు."

"వద్దులెండి."

"ఆవకాయా? వాసనేం రావట్లేదే!"

"రావట్లేదా?"

"ఊహూఁ. గట్టిగా కట్టారెవరో."

"మా అత్తగారు," అంది వకుళ.

*

బండి గంట ఆలస్యమైంది. మేడ దగ్గరికి వచ్చేసరికి ల్యాబు కారు ఆగి ఉంది. ముందు సీట్లో డాక్టర్ స్వరాజ్యం వాచీ చూసుకుంటోంది. "సంతకం చేశాడా?" అని కారు అద్దం దించి అడిగింది. వకుళ జాడీ హత్తుకుని మెట్లెక్కింది.

మొదటి అంతస్తు దాటింది. రెండో అంతస్తు మలుపులో ఆగిపోయింది.

వేదాద్రి మెట్ల మీద నిలబడి ఉన్నాడు. ముక్కుకి గుడ్డ లేదు. పైన గుమ్మంలో తువ్వాలు పక్కకి పడి ఉంది. దసరా సెలవుల్లో ఉన్న మిన్ను బిత్తరపోయి తండ్రి చొక్కా పట్టుకుని వెనకే ఉంది. అన్ని ఇళ్ళ వంటలూ, చెప్పులూ, చెత్తబుట్టలూ కలిసిన ఆ మెట్లమీదికి అతను తనంత తాను దిగి వచ్చాడు.

"నువ్వు వీధి మలుపు తిరిగినప్పుడే..." అంటూ జాడీకేసి చెయ్యి చాపాడు.

ఇద్దరూ మెట్టు మీద కూర్చున్నారు. వకుళ జాడీ అతని ఒళ్ళో పెట్టింది. అతను ముడి విప్పలేదు. దాని మీదికి వంగి కళ్ళు మూసుకున్నాడు. కింద కారు హారను కొట్టింది. వీధిలో డప్పులు మోగుతున్నాయి. అతని భుజాలు కొంచెం కొంచెంగా కిందికి దిగాయి.

"ఆవపిండి చేత్తో కట్టింది," అన్నాడు. "పసుపు. కొబ్బరినూనె. ఇదేంటి... ముక్కుపొడుమా? మానేశానని నా తలమీద చెయ్యేసి ఒట్టేసింది!"

"మానలేదు. నేనే తెచ్చిచ్చేదాన్ని, డబ్బా పోపులపెట్టెలో దాచేవాళ్ళం."

"ఇద్దరూ కలిసి..." నవ్వాడు. కళ్ళు మూసే ఉన్నాయి. నీళ్ళు ముక్కు పక్కనించి జారుతున్నాయి. "నువ్వూ ఉన్నావు. జాడీ నువ్వు పట్టుకున్నావు. ఇద్దరూ కోపంగా ఉన్నారు. ఎందుకు పోట్లాడుకున్నారు?"

"గుర్తులేదు," అంది వకుళ. అది అబద్ధమని అతనికి తెలుస్తుందని ఆమెకి తెలుసు. అతను రెట్టించలేదు.

ముడి కొసలు వేలితో బయటికి లాగి, ఆ లోపలి మడతలో ముక్కు పెట్టాడు.

వకుళ అతని మొహమే చూస్తోంది. కనురెప్పలు వాలిపోయాయి. పెదవులు బిగుసుకున్నాయి. ఆ చూపు ఆమె ఇంతకు ముందొకసారి చూసింది, ఖాజాగారి ఎదుట.

"అత్తయ్యకి జబ్బు అప్పటికేనా?" అంది.

అతను తలూపాడు. "నేను ఇంట్లోనే ఉన్నాను వకుళా అప్పుడు. పక్కగదిలో సామాను సర్దుకుంటున్నాను."

"మీకప్పుడు అంటు లేదు."

"లేదు. దానికోసమేగా వెళ్ళాను."

మిన్ను ఏమీ అర్థంకాక ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. తర్వాత, స్నానం చెయ్యలేదన్న సంగతి మర్చిపోయి, తండ్రి వీపుకి చెంప ఆనించింది. అతను వెనక్కి చెయ్యి చాపి పిల్ల తల పట్టుకున్నాడు.

"కాగితం తీసుకురా మిన్నూ. ఉప్పు డబ్బా కింద ఉంటుంది."

వకుళ అతని చెయ్యి పట్టుకుంది. ఇన్నాళ్ళూ కోరుకున్నది జరుగుతుంటే వద్దనాలనిపించింది. "తొందరపడకండి. ఖాజాగారు మీవల్లే బతికారు. రేపు మాకేదైనా వస్తే..."

"అదే." అతను జాడీ మీంచి తలెత్తాడు. "రోజూ పొద్దున్నే మీ ఇద్దరి మీదా ఆ జబ్బు వాసన వెతుక్కుంటూ బతకలేను. పరీక్షలు చేయించుకుందాం, అందరిలాగే. అమ్మ దొరికింది. ఇక చాలు."

మిన్ను రంగు పెన్సిలు తెచ్చింది. కంగారులో అదే దొరికింది. వేదాద్రి సంతకం ఆకుపచ్చగా పడింది.

*

పదిహేను రోజుల తర్వాత కిటికీలు తెరిచి ఉన్నాయి. టేపు జిగురు మాత్రం చట్రాల మీద నల్లటి గీతల్లా మిగిలిపోయింది. కిరసనాయిలు పెట్టి రుద్దితే పోతుంది. వకుళ రుద్దలేదు.

వేదాద్రి పొద్దున్నే బస్సుల పొగలో నడిచి, లిఫ్టులో పైకొస్తున్నాడు. దమయంతిగారు పెళ్ళి శుభలేఖ ఇచ్చి వెళ్ళింది. ఊళ్ళో ఎక్కడికైనా వెళ్ళగలుగుతున్నాడు. కానీ ఒక్కోసారి బాల్కనీలో నిలబడి, మిఠాయి దుకాణంలో జిలేబీలు వేయిస్తున్నప్పుడు, గట్టిగా ఊపిరి పీల్చి వదులుతాడు. గాజు అవతలనుంచి చూస్తున్నట్టుందని ఒకసారి అన్నాడు. మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

ఆ మధ్యాహ్నం వకుళ జాడీ విప్పింది. గుడ్డ మడిచి, ఉతక్కుండా, అత్తయ్య బీరువాలో పెట్టింది. వేడన్నం వడ్డించి, పక్కన ఆవకాయ వేసి, నూనె పోసింది. మిన్ను తండ్రి పక్కన పీట లాక్కుని కూర్చుంది. వాసనలు చెప్పడం ఈమధ్య దాని ఉద్యోగం.

"ఘాటుగా ఉంది నాన్నా. కళ్ళల్లోకి వస్తోంది. వెనకాల కొంచెం తియ్యగా కూడా ఉంది, అదేంటో తెలీట్లేదు."

"మాగిన మామిడికాయ," అన్నాడు వేదాద్రి. ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. కారం తెలిసింది. పులుపు తెలిసింది. కళ్ళు మూసుకుని ఇంకేదో తెలుస్తుందేమోనని కాసేపు నమిలాడు.

వకుళ గరిటె పట్టుకుని నిలబడింది. ఆవకాయ పట్టిన రోజు తను తక్కెడలో తూచి వేసిన ఉప్పు చాలదని, తను అటు తిరగ్గానే అత్తయ్య ఇంకో గుప్పెడు వేసేసింది. పాడుచేశారంది తను. ఇది రేపటికి కాదే, వాడొచ్చేనాటికి, అప్పుడు వాణ్ణే అడుగు అందావిడ. ఆ సాయంత్రమంతా ఇద్దరికీ మాటల్లేవు.

"ఎలా ఉంది?" అని అడిగింది వకుళ.

"ఉప్పు సరిగ్గా సరిపోయింది," అన్నాడు వేదాద్రి.

వకుళ గరిటె దించి, తనూ ఒక కంచం పెట్టుకుని కూర్చుంది.